వేషంలో వేషం



మన వార్షికోత్సవంలో మేం వేసిన ‘శ్రీనివాస కళ్యాణం’ నాటిక మీరందరూ చూసినారు. ఆ తర్వాత చాలామంది నన్ను మెస్సు దగ్గర ఆపి, “అక్కా, నీకు నటన ఎట్ల వచ్చింది? మాకూ నేర్పించు” అని అడిగినారు. నాకు వచ్చింది కొంచెమే. ఆ కొంచెం ఎట్ల వచ్చిందో గోడపత్రికకు రాసియ్యమని మా తెలుగు టీచరు చెప్పినారు, అందుకని రాస్తున్నాను. పొడుగైంది. అన్నం గంట కొట్టేలోపల అయిపోదు, రెండు దినాలు పెట్టుకొని చదవండి.

మొదట నేను ఈ వేషం వెయ్యనని ఏడ్చినాను. ఆ సంగతి మీకు తెలియదు.

కథ మీకందరికీ తెలిసిందే. శ్రీనివాసుడు వేటకు పోయి తోటలో పద్మావతిని చూస్తాడు. ఆమె చెలికత్తెలు రాళ్ళతో కొట్టి తరిమేస్తారు. ఇంటికొచ్చి తిండి మాని పడుకుంటాడు. వకుళాదేవి పెండ్లి మాటలకని నారాయణవనం బయలుదేరుతుంది. ఆమె పోయి చేరేలోపలే శ్రీనివాసుడు ఎరుకలసాని వేషం కట్టుకొని ఆకాశరాజు ఇంటికి పోయి, రాణి ధరణీదేవికి ఎరుక చెప్తాడు. నీ బిడ్డ జబ్బు మనసు జబ్బు, ఆమె మనసు పడినవాడు వేంకటాద్రి మీద ఉన్నాడు, ఒక పెద్దామె వచ్చి అడుగుతుంది, కాదనొద్దు అని. మా నాటికలో ఇది మూడో రంగం.

వేషాలు పంచేరోజు టీచరు ఎరుకలసాని అన్నదానికి ఎదురుగా నా పేరు రాసినారు. వెనక నుంచి ఒక గొంతు, “ఆమెకు వేషమెందుకు, అట్లే నిలబడితే సరిపోతాది” అనింది. అందరూ నవ్వినారు. ఎవరన్నారో నాకు తెలుసు. ఇక్కడ రాయను, ఇప్పుడు మేమిద్దరం పక్కపక్కనే కూర్చొని అన్నం తింటాము.

మేము ఎరుకలవాళ్ళం. మా నాయన, అమ్మ తట్టలు, బుట్టలు అల్లుతారు. మా అవ్వ ఎరుక చెప్తాది. ప్రొద్దుటూరు, జమ్మలమడుగు, పులివెందుల, ఈ మూడు ఊర్లలో ఆమె తిరగని వీధి లేదు. మా ఇంట్లో బడికి వచ్చిన మొదటి మనిషిని నేనే. హాస్టల్లో చేరినప్పటి నుంచి మీ అవ్వ ఏం చేస్తుందని ఎవరైనా అడిగితే “ముసలిది, ఇంట్లోనే ఉంటుంది” అని చెప్పేదాన్ని. ఇప్పుడు స్టేజీ ఎక్కి అందరి ముందర అదే వేషం వెయ్యాలంటే నాకు ప్రాణం పోయినట్లైంది.

టీచరు నన్ను స్టాఫ్ రూముకు పిలిచి తిట్టలేదు. “వెయ్యొద్దులే. కానీ మూడో రంగం చదివి ఆ ఎరుకలసాని ఎవరో నాకు చెప్పి, తర్వాత మానుకో” అన్నారు. నేను చదివి పోయి “ఎరుకలామె టీచర్” అన్నాను. “మళ్ళీ చదువు” అన్నారు. మళ్ళీ చదివినాను. మూడోసారి స్టడీ అవర్లో చదువుతుంటే తట్టింది. కథ చిన్నప్పటి నుంచి తెలుసు, అయినా ఆ మాట నాకు తట్టనేలేదు. స్టేజీ మీద ఉండేది ఎరుకలామె కాదు, శ్రీనివాసుడు! ఆయనకు ఎరుక చెప్పడం రాదు, బుట్ట మోయడం రాదు. మా వాళ్ళను ఎక్కడో దూరం నుంచి చూసి వేషం కట్టుకున్నాడు. అంటే నేను మా అవ్వ మాదిరి చెయ్యకూడదు. మా అవ్వ మాదిరి చెయ్యబోయి చేతకాని మొగాయన మాదిరి చెయ్యల్ల.

పరిగెత్తి పోయి టీచరుకు చెప్పినాను. ఆమె నవ్వి, ఆ వారం డిజిటల్ క్లాసు టీవీలో ‘మాయాబజార్’ సినిమా వేసినారు. అది 1957లో వచ్చింది. అందులో ఘటోత్కచుడు శశిరేఖ రూపం ఎత్తుతాడు కదా. అప్పుడు వేసేది సావిత్రే. కానీ ఆమె అప్పుడు శశిరేఖ కాదు, శశిరేఖ మాదిరి ఉండాలని చూసే రాక్షసుడు. సిగ్గు పడాల్సిన చోట ఠీవిగా నిలబడుతుంది, ఎవరూ చూడనప్పుడు మొగవాడి మాదిరి నడుస్తుంది, మనుషులు చూడంగానే ఒళ్ళు సర్దుకుంటుంది. చీరె అదే, ముఖం అదే, లోపల మనిషి వేరు. ఇంతకుముందు నేను ఆ సినిమా రెండుసార్లు చూసి నవ్వినాను. ఈసారి ఆమె భుజాలే చూసినాను. మీరు కూడా ఈసారి చూసేటప్పుడు ముఖం వదిలేసి భుజాలు, అడుగులు చూడండి. ఇంకో సంగతి, ఆ సినిమా తీసిన బి. నాగిరెడ్డి గారిది మన జిల్లా పొట్టిపాడు. డైరెక్టరు కె.వి. రెడ్డి గారిది జమ్మలమడుగు అవతల తాడిపత్రి. అంతకు ముందే 1936లో వచ్చిన శశిరేఖా పరిణయం సినిమాలో శశిరేఖ వేషం వేసిన శాంతకుమారి గారిది మన ప్రొద్దుటూరు. 1960లో వచ్చిన ‘శ్రీ వేంకటేశ్వర మహాత్మ్యం’లో వకుళాదేవి కూడా ఆమేనని చెప్పంగానే మా వకుళాదేవి వేషం వేసే అక్క రెండు దినాలు నేల మీద నడవలేదు.

సరే, వేషం ఒప్పుకున్నాను. నాకున్న పేజీన్నర మాటలు ఒక్క రాత్రిలో బట్టీ కొట్టేసినాను. మరుసటి రోజు గడగడా చెప్తే టీచరు, “సోషల్ పాఠం మాదిరి ఉంది. కాగితం పక్కన పెట్టి కథ చెప్పు” అన్నారు. కథే చెప్పలేకపోయినాను! నా మాటలు తెలుసు గానీ వాటి ముందర ధరణీదేవి ఏమంటుందో నాకు తెలియదు. నా మాట ఎప్పుడొస్తుందా అని కాచుకునేదాన్ని, అంతే. మీలో చాలామందికి ఇదే తప్పు వస్తుంది. ఎదుటి మనిషి మాట వినకుండా మన వంతు కోసం చూసేది. చూసేవాళ్ళకు అది వెంటనే తెలిసిపోతుంది.

అందుకని టీచరు ఒక పద్ధతి పెట్టినారు. పదిహేను దినాలు ఎవరూ మాటలు కంఠస్థం చెయ్యకూడదు. సాయంత్రం ఆటల గంటలో వేపచెట్టు కింద కూర్చొని కథ చెప్పుకోవాల. ఒక్కోరోజు ఒక్కో మనిషి నోటితో. ఒకరోజు నేను శ్రీనివాసుడి కథ చెప్పినాను. మరుసటి రోజు అదే కథ ధరణీదేవి అయి చెప్పమన్నారు. “నా బిడ్డ నాలుగు దినాల నుంచి అన్నం తినలేదు. వైద్యులు వచ్చి పోయినారు. ఎవరికీ తెలియలేదు. వీధిలో ఎవరో అరిస్తే ఏం చెయ్యాలో తోచక పిలిపించినాను” అని చెప్తుంటే నాకే గొంతు పట్టుకుంది. అంతవరకు ధరణీదేవి అంటే నాకు ప్రశ్నలు అందించే మనిషి మాత్రమే. ఆమె భయం తెలిసినాక నా మాటలు వాటంతట అవే వేరే రకంగా వచ్చినాయి. భయపడిన తల్లికి చెప్పే మాట మెల్లగా చెప్పాల కదా.

చెలికత్తె నోటితో చెప్పిన రోజు అందరూ పొట్ట పట్టుకొని నవ్వినారు. ఆమెకు ఈ కథంతా ఎవరో గుర్రం మీద వచ్చి గొడవ పెట్టుకున్న కథ, అంతే. పద్మావతి నోటితో చెప్పడం అందరికన్నా కష్టమైంది. ఆమె ఏ రంగంలోనూ తన మనసు ఎవరికీ చెప్పదు.

ఇట్ల కథ వింటూ, చెప్తూ నటన నేర్చుకునేది కొత్త సంగతి కాదు. మన పులివెందులకు దగ్గర్లో చక్రాయపేట మండలంలో సురభి అనే ఊరుంది. తోలుబొమ్మలు ఆడించే కుటుంబం వాళ్ళు 1885లో ఆ ఊర్లో ఒక పెండ్లిలో బొమ్మల బదులు తామే వేషాలు కట్టి ‘కీచకవధ’ నాటకం ఆడినారు. వనారస గోవిందరావు గారు పెద్ద. ఆ ఊరి పేరే వాళ్ళ ఇంటిపేరు మాదిరి అయిపోయింది. సురభి నాటకాలంటే రాష్ట్రమంతా తెలుసు. ఆడవాళ్ళ వేషాలు మొగవాళ్ళే వేసే కాలంలో వాళ్ళు ఇంటి ఆడవాళ్ళనే స్టేజీ ఎక్కించినారు. సురభి బాబ్జీ అని పిలిచే నాగేశ్వరరావు గారికి 2013లో పద్మశ్రీ ఇచ్చినారు. వాళ్ళ పిల్లలు తెర పక్కన కూర్చొని రోజూ నాటకం వింటూ పెరుగుతారు. వాళ్ళకు ఒక్కరి మాటలు కాదు, అందరి మాటలూ వస్తాయి. చిన్నప్పుడు బాలకృష్ణుడు, లోహితుడు, పెద్దయినాక పెద్ద వేషాలు. మేం పదిహేను దినాలు చేసింది వాళ్ళు పుట్టినప్పటి నుంచి చేస్తారు.

ఆ మొదటి నాటకం కీచకవధ చూడండి, అందులో కూడా వేషంలో వేషమే. ద్రౌపది రాణి, కానీ విరాటరాజు ఇంట్లో సైరంధ్రి అనే పేరుతో పనిమనిషిగా ఉంటుంది. ఆ వేషం వేసే ఆమె ఒకేసారి పనిమనిషీ, రాణీ కావాల. కీచకుడు చెయ్యి పట్టుకున్నప్పుడు ఏది బయటికి వస్తుంది? కోపం రాణిది, అరవలేని నోరు పనిమనిషిది. మీలో ఎవరికైనా ఆసక్తి ఉంటే ఆ కథ సైరంధ్రి నోటితో ఒకసారి చెప్పి చూడండి. గోడ వైపు తిరిగి చెప్పుకున్నా పరవాలేదు.

దసరా సెలవులు వచ్చినాయి. టీచరు స్క్రిప్టు ఇంటికి ఇచ్చి, పెన్సిలుతో రెండు గుర్తులు పెట్టుకొని రమ్మన్నారు. ప్రతి మాట పక్కన ఆ మనిషికి ఆ నిమిషంలో ఏం కావాలనో రాయాల. ఎదుటివాళ్ళకు తెలియకుండా ఏం దాస్తున్నాడో దాని కింద గీత గియ్యాల. రష్యాలో 1898లో మాస్కో ఆర్ట్ థియేటర్ పెట్టినవాళ్ళలో ఒకాయన స్తానిస్లావ్‌స్కీ అని ఉండేవారంట. నటులకు ఈ పద్ధతి నేర్పింది ఆయనేనంట. పాత్ర ఏం మాట్లాడుతుందని కాదు, ఏం కావాలని మాట్లాడుతుందని చూడమనేవారంట. పేరు కష్టంగా ఉంది గానీ పని తేలికే.

ఇంటికి పోయినాక నేను అవ్వను, నీతో ప్రొద్దుటూరు వస్తానని అడిగినాను. చిన్నప్పుడు తప్ప ఎప్పుడూ పోలేదు. అవ్వ నా వైపు చాలాసేపు చూసి, “బడి పిల్లవు, నీకు నామోషీ కాదా?” అనింది. నేనేం చెప్పలేదు. (అవ్వ మాట్లాడేది మా ఎరుకల మాట. మీ కోసం తెలుగులో రాస్తున్నాను.)

పండగ రోజులు కాబట్టి ప్రొద్దుటూరులో బంగారు అంగళ్ళ వీధులు జనంతో నిండినాయి. అవ్వ అటు పోలేదు. వెనక సందుల్లో ఇండ్ల వైపు పోయింది. చంకలో బుట్ట, అందులో చేట, చేతిలో చిన్న కర్ర. “ఎరుక చెప్తానమ్మా ఎరుక” అని అరిచి, తర్వాత నిలబడుతుంది. ఆ నిలబడేటప్పుడు ఏం చేస్తుందో నేను మొదటిసారి చూసినాను. ఇంటిని చదువుతుంది! తీగ మీద ఆరేసిన బట్టలు ఎవరివి, గుమ్మం దగ్గర ఎన్ని జతల చెప్పులు, అరుగు మీద మందు సీసా ఉందా, ముగ్గు ఈ దినానిదా నిన్నటిదా. టీచరు నన్ను స్క్రిప్టు చదవమన్నట్లే.

ఒక ఇంట్లో ఒకామె చెయ్యి చాపింది. అవ్వ కర్రతో అరచేతిని తాకి, ఒక్క మాట అడిగి ఊరకుండింది. ఎంతసేపంటే నాకే భయమేసింది, మర్చిపోయిందేమోనని. ఆ ఊరకుండడంలోనే ఆ తల్లి మెల్లగా తానే చెప్పడం మొదలుపెట్టింది. కొడుకు కువైట్ పోయినాడు, ఫోన్ చెయ్యడం తగ్గించినాడు. చెప్పి ఏడ్చింది. అవ్వ మళ్ళీ ఒక్క ప్రశ్న, మళ్ళీ ఊరకుండడం. చివర్లో మాత్రం నాలుగు మాటలు గట్టిగా చెప్పింది. చేటలో బియ్యం పోసుకొని వచ్చేసినాము.

దారిలో అడిగినాను. “నీకెట్ల తెలుసవ్వా?”

“నాకేం తెలుసుమే. ఆమెకే అంతా తెలుసు. చెప్పుకోను మనిషి ల్యాక ఉండాది.”

“మరి అది అబద్ధం కాదా?”

అవ్వ నడుస్తూనే ఉండింది. చాలా దూరం పోయినాక, “కొడుకుకు నువ్వే ఫోన్ చెయ్యి తల్లీ అని చెప్పినా గదా. అది అబద్ధమా?” అనింది. దానికి నా దగ్గర ఇప్పటికీ జవాబు లేదు. ఎరుక నిజమా కాదా అని సైన్సు టీచరు అడిగితే నేను కాదనే చెప్తాను. కానీ ఆ ఇంట్లో జరిగింది ఏమిటో నాకు తెలుసు.

ఇంకో ఇంటి దగ్గర గేటు లోపల నుంచే ఒకాయన మా కులం పేరెత్తి దొంగలని తిట్టినాడు. అవ్వ బుట్టను ఈ చంకలో నుంచి ఆ చంకలోకి మార్చుకొని నడిచింది, అంతే. నాకు ఒళ్ళు మండింది. రాత్రి అవ్వ చెప్పింది, వాళ్ళ అవ్వ కాలంలో పోలీసు స్టేషనుకు పోయి హాజరు వేయించుకోవాల్సి వచ్చేదని. సెలవులయినాక సోషల్ టీచరును అడిగితే, 1871లో ఇంగ్లీషువాళ్ళు నేరస్థ తెగల చట్టం అని తెచ్చినారనీ, 1911 తర్వాత అది మద్రాసు రాష్ట్రానికి కూడా వచ్చిందనీ, మన కడప అప్పుడు అందులోదేననీ చెప్పినారు. కొన్ని కులాల్లో పుడితేనే నేరస్థులని రాసుకున్నారంట. స్వాతంత్ర్యం వచ్చినాక 1952లో తీసేసినారు. తీసేసి ఇన్నేండ్లయినా ఆ గేటు లోపల ఆయనకు ఆ కబురు అందలేదు.

ఆ రాత్రి పెన్సిలు తీసుకొని మూడో రంగం మళ్ళీ చదివినాను. అప్పుడొకటి కనపడింది. మా నాటికలో ఎరుకలసాని ఒక్క ప్రశ్న కూడా అడగదు! మొదటి నుంచి చివరి వరకు చెప్తూనే ఉంటుంది. మా అవ్వ చెప్పేది తక్కువ, వినేది ఎక్కువ. శ్రీనివాసుడు వినడానికి రాలేదు, జవాబు మూట కట్టుకొని వచ్చినాడు. ఆయనకు తొందర. వకుళాదేవి వచ్చేలోపల పని కావాల. ధరణీదేవి “నీదే ఊరమ్మా?” అంటే “కొండ మీద తల్లీ” అంటుంది. “నీకు పెండ్లయిందా?” అంటే “కావాల్సి ఉంది” అంటుంది. ఇంతకుముందు ఇవి ఉత్త మాటలనుకొని గబగబా చెప్పేసేదాన్ని. ఒక్కటీ అబద్ధం కాదు! వేషం అబద్ధం, మాటలన్నీ నిజం. ఆ మాటల కింద గీతలు గీసినాను.

సెలవులయినాక టీచరుకు చూపిస్తే ఆమె స్క్రిప్టు తీసుకొని రెండుసార్లు చదివి, “నేను రాసేటప్పుడు ఇది అనుకోలేదు” అన్నారు. ప్రశ్నలు కలపాలా వద్దా అని చాలాసేపు మాట్లాడుకున్నాము. వద్దనుకున్నాము. నిజం ఎరుకలామెకూ శ్రీనివాసుడికీ తేడా అదే కాబట్టి అట్లే ఉంచినాము. ఒక్క చోట మాత్రం మార్చినాము. పద్మావతి లోపలికి రాంగానే ఎరుకలసాని మాట ఆగిపోవాల. అంతవరకు వాగినాయన అప్పుడు ఊరకుండాల.

వార్షికోత్సవం రోజు మీరు చూసినారు. మీకు తెలియనిది ఒకటి చెప్తాను. ఆ ఊరకుండడం అంత పొడుగు లేదు! పద్మావతికి జడకుచ్చులు ఊడిపోయి తెర వెనక కట్టుకుంటూ ఉండింది. నేను “అదిగో నీ బిడ్డ” అన్నాను, ఎవరూ రాలేదు. ముందు గుండె ఆగినంత పనైంది. ఇంకో మాట కల్పించి చెప్పాలని నోరు తెరిచినాను. అప్పుడు ఆ సందులో అవ్వ నిలబడింది గుర్తొచ్చింది. ధరణీదేవి చెయ్యి పట్టుకొని, అరచేతి మీద కర్ర ఆనించి, ఊరికే చూస్తూ ఉండినాను. ధరణీదేవి వేసిన అక్కకు స్క్రిప్టులో అక్కడ మాట లేదు. కానీ ఆమె మెల్లగా, “నా బిడ్డ అన్నం తినలేదమ్మా” అనింది. వేపచెట్టు కింద చెప్పుకున్న కథలో మాట అది. హాలంతా సద్దు లేదు. అప్పుడు పద్మావతి వచ్చింది.

ఆ దినం మా అమ్మ, అవ్వ వచ్చి మూడో వరసలో కూర్చున్నారు. అయిపోయినాక నన్ను ఎగతాళి చేసిన పిల్లే ముందుగా వచ్చి “మీ అవ్వ ఎవరు?” అని అడిగింది. ఇదిగో అని చూపించినాను.

అవ్వ నన్ను మెచ్చుకోలేదు. బుట్ట చేతిలోకి తీసుకొని, “ఇట్లనా మోసేది? చంక కింద పెట్టి ఎముక మీద ఆనించల్ల. పడేసేటట్లు పట్టుకున్న్యావు” అనింది.

“నేను నువ్వు కాదవ్వా, సామిని. సామికి మోయడం రాదు గదా” అన్నాను.

“సామి ఐతే ఏమి? మా ఇండ్లకాడికి వచ్చింటే నేర్పించకపోదునా” అనింది.

వచ్చే ఏడాది ఈ నాటిక ఎనిమిదో తరగతి వాళ్ళు వేస్తారంట. గీతలు గీసిన స్క్రిప్టు తెలుగు టీచరు దగ్గర ఉంది. బుట్ట నా పెట్టె మీద ఉంది, కావాల్సిన వాళ్ళు ఆదివారం వచ్చి మోసి చూడండి.